మండువా లోగిలి గోడల్లో చెమ్మ: ఏడాది పని డైరీ

ఫిబ్రవరి: దాళ్వాకు, అంటే రెండో పంట వరికి, కాలవలు నిండుగా పారుతున్న రోజులు

నరసాపురం వైపు కాలవ కింద ఉన్న మా ఊళ్లో, మా తాతగారి కాలంలో కట్టిన మండువా లోగిలికి గోడల చెమ్మ తగ్గించే పని ఈ నెలలో మొదలుపెట్టాను. గోడలు అడుగున్నర మందం. లోపల మట్టి అడుసుతో పేర్చిన ఇటుక, పైన ఒకప్పుడు గానుగ సున్నపు గార. పదిహేనేళ్ల కిందట ఆ గార పెచ్చులూడుతోందని నేల నుంచి నాలుగడుగుల ఎత్తు వరకు సిమెంటు ప్లాస్టరింగు చేయించి, దానిమీద ఆయిల్ పెయింటు వేయించారు. ఆ తరువాత కొన్నేళ్లకే చెమ్మ ఆ నాలుగడుగులూ దాటి, సిమెంటు ఆగిన గీతకు పైన మిగిలిన పాత గారలో తేలింది. కింద పెయింటు బుడగలుగా లేచింది. ఒక బుడగను వేలితో నొక్కితే పలచని పొర పగిలి, దాని వెనకనుంచి దూది పింజెల్లాంటి తెల్లటి ఉప్పు గచ్చు మీదికి రాలుతుంది. ఆ వెనక సిమెంటు మాత్రం గట్టిగానే ఉంటుంది, ముట్టుకుంటే చల్లగా తగులుతుంది.

ఇలాంటి గోడకు మా వైపు ఎవరైనా చెప్పే మందు ఒకటే. పాత పూత కొట్టేసి, వాటర్‌ప్రూఫ్ ద్రావణం కలిపిన సిమెంటుతో మళ్లీ పూయాలి, లేదా నడుము ఎత్తు వరకు టైల్స్ అంటించాలి. రెండూ నీరు బయటికి వచ్చే దారిని మూసేవే తప్ప లోపలికి వచ్చే దారిని ఆపేవి కావు. గోడలోకి నీరు ఎటునుంచి వస్తోందో, ఎంత వస్తోందో కొలిచి తెలుసుకున్న తరువాతే సుత్తి పట్టుకోవాలన్నది ఈ పనికి నేను పెట్టుకున్న మొదటి నియమం. గోడను తడిపే నీరు నేలలోంచి ఇటుకల సన్నటి రంధ్రాల వెంట పైకి పాకవచ్చు, చూరు నుంచి పడిన వాన గోడ మొదట్లో చిమ్మి లోపలికి ఇంకవచ్చు, గోడలో దాచిన పైపు కారవచ్చు, గాలిలోని తేమే చల్లటి గోడ మీద చేరవచ్చు. వీటిలో ఒకదానికి పనికొచ్చే వైద్యం మరొకదానికి పనికిరాదు.

చవకైన పరీక్షతో మొదలుపెట్టాను. వంటింట్లో వాడే అల్యూమినియం ఫాయిల్‌ను అడుగు చదరపు ముక్కలుగా కోసి, గోడలకు నాలుగు అంచులా గాలి చొరకుండా టేపుతో అంటించి వదిలేశాను. ఫాయిల్‌కు గది వైపు నీటి బొట్లు పడితే అది గాలిలోని తేమ, గోడ వైపు పడితే గోడలోంచి వచ్చిన నీరు. వంటింట్లో మాత్రం రెండు వైపులా తడి కనిపించింది. మిగిలిన గదులన్నిటిలో గోడ వైపే తడిసింది. ప్రతి గదిలోనూ తడి ఆగిన ఎత్తు దగ్గర పెన్సిలుతో గీత గీసి, పక్కన తేదీ రాశాను. ఏడాది తరువాత నా మాటను నమ్మాలా వద్దా అన్నది ఆ గీతలే తేల్చాలి.

ఫిబ్రవరి చివర: గోడలోంచి నమూనాలు

సూదులు గుచ్చి చూసే చెమ్మ మీటరు ఒకటి నా దగ్గర ఉంది. అయితే అది కొలిచేది నీటిని కాదు, సూదుల మధ్య విద్యుత్తు ఎంత తేలికగా పారుతోందన్నది. ఉప్పు పట్టిన గోడలో కొద్దిపాటి తడికే అది పెద్ద అంకె చూపిస్తుంది. పైగా అలాంటి మీటర్లలో చాలావాటి కొలమానం చెక్క కోసం తయారైనది. అందువల్ల ఎక్కడ తడి ఎక్కువ, ఎక్కడ తక్కువ అని పోల్చుకోవడానికే దాన్ని వాడుకుని, అసలు కొలతకు తూకాన్ని నమ్ముకున్నాను.

పద్ధతి ఇది. ఇటుకల మధ్య అడుసు పొరలో డ్రిల్లు బిట్టుతో నిదానంగా తొలుస్తూ పొడి తీయాలి. వేగం పెంచితే బిట్టు వేడెక్కి, ఉన్న తడి అక్కడే ఆవిరైపోతుంది. పైన ఒక సెంటీమీటరు లోతు పొడిని పారేసి, లోపలి పొడిని వెంటనే మూత బిగుతుగా ఉన్న చిన్న సీసాలో పోయాలి. నేల నుంచి జానెడు ఎత్తులో మొదలుపెట్టి ఆరడుగుల వరకు వరుసగా ఇలా తీసి, బంగారం తూచే చిన్న ఎలక్ట్రానిక్ త్రాసు మీద తూచాను. తరువాత ఆ పొడిని పలచగా పళ్లేల్లో పరిచి, గాలి చొరని ప్లాస్టిక్ డబ్బాలో పెట్టాను. డబ్బా అడుగున ఒక గిన్నెలో, ఇంకా కొంత ఉప్పు కరగకుండా మిగిలేటంత చిక్కటి ఉప్పునీరు ఉంది. మామూలు ఉప్పుతో చేసిన అలాంటి ద్రావణం మూసిన డబ్బాలోని గాలి తేమను 75 శాతం దగ్గర నిలబెడుతుంది. బరువు మారడం ఆగేదాకా అక్కడ ఉంచి మళ్లీ తూచి, చివరగా ఓవెన్‌లో 105 డిగ్రీల దగ్గర పూర్తిగా ఎండబెట్టి మూడోసారి తూచాను. మొదటి తూకానికీ చివరి తూకానికీ మధ్య తేడా గోడలో నిజంగా ఉన్న నీరు. రెండో తూకానికీ చివరి తూకానికీ మధ్య తేడా, ఆ పొడిలోని ఉప్పు కేవలం గాలినుంచే లాక్కోగల నీరు. ఈ రెండు అంకెలను పక్కపక్కన పెట్టి చూడటంలోనే ఈ పరీక్ష ప్రయోజనమంతా ఉంది.

పడమటి గదిలో నేల నుంచి జానెడు ఎత్తున గోడలో నీరు 16 శాతం ఉండగా, అక్కడి ఉప్పు గాలినుంచి పట్టగలిగింది 4 శాతమే. అంటే మిగిలినదంతా కిందినుంచి వస్తున్నదే. నాలుగడుగుల పైన మాత్రం రెండు అంకెలూ 7 శాతం దగ్గర కలిశాయి. అక్కడ గోడ తడిగా ఉండటానికి నేల నీరు అవసరమే లేదు, ఏళ్ల తరబడి పైకి చేరి పేరుకున్న ఉప్పు చాలు. ఆరడుగుల ఎత్తున రెండూ 1 శాతం లోపే. స్నానాల గదిని ఆనుకున్న గోడ కథ పూర్తిగా వేరు. అక్కడ పైనా కిందా తడి దాదాపు ఒకే తీరున ఉండి, ఉప్పు చాలా తక్కువగా ఉంది. అది పైపు కారడమే తప్ప మరొకటి కాదు. ఒకే ఇంట్లో, పక్కపక్క గదుల్లో, రెండు వేర్వేరు జబ్బులున్నాయన్నమాట. అన్నిటికీ కలిపి ఒకే సిమెంటు పూత పూయడంలో ఉన్న లోపమేమిటో ఈ అంకెలతో నాకు తేటపడింది.

ఉప్పు విషయం ఇంకొంచెం రాసుకోవాలి. మామూలు ఉప్పు గాలిలో తేమ 75 శాతం దాటగానే దానంతట అదే నీరవుతుంది, అంతకు తగ్గితే మళ్లీ గట్టిపడుతుంది. మా కోస్తాలో ఏడాదిలో ఎక్కువ నెలలు తెల్లవారుజామున గాలి ఆ గీతకు పైనే ఉండి, ఎండెక్కాక కిందికి దిగుతుంది. రాత్రి కరగడం, పగలు గడ్డకట్టడం, గడ్డకట్టిన ప్రతిసారీ పలుకులు రంధ్రాల గోడలను నెట్టడం: గార పెచ్చులుగా రాలడానికి అసలు కారణం నీటికంటే ఈ నిత్యపు ఒరిపిడే.

ఏప్రిల్ నెలాఖరు, మే: కాలవలు కట్టేసిన తరువాత

కాలవలు కట్టేసే వరకు పనివాళ్లను పిలవకుండా ఆగడానికి కారణముంది. 1852లో ధవళేశ్వరం ఆనకట్ట పూర్తయినప్పటినుంచి ఈ డెల్టా నేల కింద నీటి మట్టం కాలవల పారుదలతోనే లేస్తూ దిగుతూ ఉంది. కాలవల మరమ్మతుల కోసం వేసవిలో నీళ్లు ఆపినప్పుడు మా పెరటి నూతిలో మట్టం బారెడుకు పైగా దిగింది. గోడలో చెమ్మకు నేల నీరే మూలమైతే ఈ రోజుల్లో కింది భాగం ఆరాలి. మళ్లీ అవే ఎత్తుల్లో, పాత రంధ్రాలకు కొంచెం పక్కగా నమూనాలు తీశాను. జానెడు ఎత్తున 16 శాతం ఉన్నది 11కు దిగింది. నాలుగడుగుల దగ్గర 7 శాతం మాత్రం కదలలేదు. కింద ఉన్నది నేల నీరు, పైన ఉన్నది ఉప్పు గాలినుంచి పట్టిన తేమ అన్న ఫిబ్రవరి నాటి నిర్ణయానికి ఇంతకంటే గట్టి రుజువు అక్కర్లేదు.

ఈశాన్యపు గది గోడ ఒక్కటే ఈ లెక్కకు లొంగలేదు. మే నెల మధ్యాహ్నపు పొడి గాలిలో కూడా అది నల్లటి మచ్చలతో తడిగానే కనిపిస్తోంది. ఆ గోడకు అవతలి పక్క పాతికేళ్ల కిందటి వరకు గొడ్ల సావిడి ఉండేది. పశువుల మూత్రం, పేడ నేలలో మురిగి నైట్రేట్లుగా మారి, నీటితోపాటు గోడెక్కుతాయి. బిహార్ పల్లెల్లో ఇలాంటి నేలల మట్టిని కడిగి సురేకారం అనే నైట్రేటు ఉప్పు తీసి, తుపాకి మందు కోసం ఓడలకెక్కించిన చరిత్ర ఉన్నదే. చేపల తొట్లకు నీటిని పరీక్షించే నైట్రేటు పట్టీలతో చూస్తే, ఈ గోడ పొడి కలిపిన నీటిలో పట్టీ ముదురు గులాబీ రంగుకు తిరిగింది, పడమటి గది పొడికి లేతగానే ఉండిపోయింది. కాల్షియం నైట్రేటు గాలి తేమ 50 శాతం దాటిన కొద్ది సేపటికే నీరవడం మొదలుపెడుతుంది. అందుకే ఈ గోడకు వేసవి కూడా లేకుండా పోయింది.

మే చివర: ఇంటి బయట పని

లోపల ఒక్క పెచ్చు కూడా ఊడదీయకముందే బయట పని ముగించాలని మేస్త్రి గారూ నేనూ ఒప్పుకున్నాం. ఆయన ఈ చుట్టుపక్కల సున్నపు పని తెలిసిన కొద్దిమంది తాపీ మేస్త్రుల్లో ఒకరు. మొదటి రోజే గోడ చుట్టూ తిరిగి వచ్చి, "ఇల్లు దిగిపోలేదండి, వీధి లేచిపోయిందండి" అన్నారు. నిజమే. వీధిలో పాత రోడ్డు మీదే కొత్త సిమెంటు రోడ్డు వేసిన ప్రతిసారీ నేల మట్టం పెరిగి, ఒకప్పుడు వీధికంటే రెండు మెట్లు ఎత్తున ఉన్న అరుగు ఇప్పుడు దాదాపు సమానమైంది. పక్క సందులో పోసిన మట్టి గోడకు అడుగు ఎత్తున ఆనుకుని ఉంది. ఆ అడుగు మేర గోడ నేల మీద ఉన్నట్టు పైకి కనిపిస్తున్నా, నిజానికి నేలలో పాతినట్టే.

ఉత్తరం, పడమర వైపుల ఆ మట్టిని తీయించి నేలను పాత మట్టానికి దించాము. గోడకు ఆనించి పోసిన సిమెంటు గచ్చు పట్టీని కూడా పగలగొట్టించాము. అది వాన నీటిని దూరంగా తోలుతుందని వేసినదే. కానీ గోడకూ దానికీ మధ్య పడిన సన్నటి చీలికలోంచి నీరు కిందికి దిగుతోంది, దిగిన నీరు నేలలోంచి ఆవిరి కాలేక గోడనే ఆశ్రయిస్తోంది. దాని స్థానంలో గోడ నుంచి రెండడుగుల దూరంలో కాలవ తవ్వి, అడుగున రంధ్రాల పీవీసీ గొట్టం వేసి, వడకట్టే గుడ్డ చుట్టి, కంకర నింపాము. వాలు నూరడుగులకు అడుగు. ఈ పని ఎక్కడైనా చేయదలచుకున్నవారు రెండు విషయాలు తప్పక చూసుకోవాలి. తవ్వకం ఎట్టి పరిస్థితిలోనూ పునాది అడుగు మట్టం దాటి లోతుకు పోకూడదు. మాది తడిస్తే ఉబ్బి ఎండితే బీటలిచ్చే నల్లరేగడి కాబట్టి ఒకేసారి గోడ పొడవునా తవ్వకుండా, నాలుగైదడుగుల చొప్పున తవ్వి పూడ్చుకుంటూ పోయాము. రెండవది, ఆ నీరు చేరడానికి నిజమైన పల్లం ఉండాలి. ఈ డెల్టాలో అది దొరకడమే కష్టం. మా గొట్టం చివర ఊరి మురుగు బోదెలో కలుస్తుంది. వర్షాకాలంలో బోదె నిండినప్పుడు నీరు వెనక్కి తన్నకుండా చివర రబ్బరు మూత పెట్టించాను.

మండువా గురించి ఎక్కువ చెప్పనక్కర్లేదు. నాలుగు వైపుల పెంకుల నుంచి నీరు పడే ఆ నడిమి పల్లానికి తూము ఉన్నా, అందులో సగం దాకా మట్టి పేరుకుపోయింది. దాన్ని తోడించి, చూరు అంచులకు జింకు రేకు తొట్లు కట్టించి, వాన నీటిని గొట్టంలో దించాము. స్నానాల గది పైపును కొత్తదిగా గోడ బయటి నుంచి వేయించాము, అక్కడితో ఆ గోడ సమస్య తీరిపోయింది.

జూన్: సిమెంటు ఊడదీయడం

కాలవలు మళ్లీ వదిలేలోపే లోపలి సిమెంటు తీసేయాలన్నది అనుకున్న క్రమం. ఉలి ఆనించి సుత్తితో కొడితే చాలాచోట్ల ప్లాస్టరు పలకలు పలకలుగా ఊడి వచ్చింది. వెనక వైపు తిప్పి చూస్తే పలక అంతటా అతుక్కున్న తెల్లటి ఉప్పు పొర, దాని మీద ఇటుకల అచ్చు, ఇటుకల మధ్య అడుసు పాదులలో నుంచి వచ్చిన సన్నటి నల్లటి తడి గీతలు. పదిహేనేళ్లుగా నీరు ఎక్కడ ఆగి, ఎటు తిరిగి, ఎక్కడినుంచి పైకి ఎక్కిందో ఆ పలక వెనక అచ్చయి ఉంది. ఇటుకల ముఖాలు కొన్నిచోట్ల గోరుతో గీస్తేనే పొడిగా రాలుతున్నాయి. అవి పైనున్న సిమెంటుకంటే మెత్తనివి. గట్టి పూత కింద మెత్తటి ఇటుక ఉంటే నష్టపోయేది ఇటుకే.

పనివాళ్లు మధ్యాహ్నం పెచ్చులను పెరట్లో కుప్ప పోయబోతే ఆపాల్సి వచ్చింది. ఆ పెచ్చుల్లో ఉప్పు ఉంది. ఒక వాన పడితే అది తిరిగి అదే నేలలోకి, అదే గోడలోకి చేరుతుంది. ఏ రోజు పెచ్చులు ఆ రోజే గోనె సంచుల్లో ఊరి బయటికి పంపించాము. గోడను నీటితో కడగనివ్వలేదు. పొడి కుంచెతో దులిపి, దుమ్ము పీల్చే యంత్రంతో లాగి, ఇటుకల మధ్య అంగుళం లోతు వరకు పాడైన అడుసును గీకి తీశాము.

పునాది పైన నీటిని అడ్డగించే పొర లేకపోవడమే ఈ ఇంటి మూల లోపం. దానికి రంధ్రాలు చేసి మందు ఎక్కించే పద్ధతి ఒకటుంది. ఇంటి మొత్తానికి అదే చేయమని ఒక వ్యాపారి సలహా ఇచ్చారు. నేను ఆలోచించి ఒక్క గోడకే ఒప్పుకున్నాను. వంటింటికీ సామాను గదికీ మధ్య ఉన్న తొమ్మిదంగుళాల గోడ తరువాతి కాలంలో సిమెంటు అడుసుతో కట్టినది. దాని మొదట్లో ఒకే అడుసు వరుస వెంట 12 మి.మీ. రంధ్రాలు 12 సెం.మీ. దూరంలో, అవతలి వైపుకు నాలుగు సెంటీమీటర్లు మిగిలేంత లోతుకు తొలిచి, సిలేన్ క్రీము నింపించాను. ఆ మందు అడుసులోకి ఇంకి, అందులోని సన్నటి రంధ్రాల లోపలి ముఖాలు నీటిని పీల్చకుండా చేస్తుంది. మట్టి అడుసుతో, లోపల ఖాళీలతో ఉన్న అడుగున్నర మందపు పాత గోడల్లో మందు అడ్డదిడ్డంగా పారిపోయి, ఎక్కడా తెగని వరుసగా ఏర్పడుతుందని నమ్మకం లేదు. ఆ గోడలకు నేల నీటిని పూర్తిగా ఆపడం కాదు, అది తక్కువగా ఎక్కేట్టు, ఎక్కినది నడుము దాకా పోకముందే ఆవిరయ్యేట్టు చూడటమే నా లక్ష్యం.

అందుకే నేలను కూడా ముట్టుకున్నాము. పడమటి గదిలో కొత్తగా వేసిన నున్నటి టైల్స్ కింద తడికి బయటపడే దారి లేక అంతా గోడల వైపే మళ్లుతోంది. గోడల వెంట నాలుగంగుళాల వెడల్పున టైల్స్ కోయించి, ఆ పట్టీలో సన్న కంకర నింపి, పైన పలచగా సున్నపు గార వేయించాను. గది అందం కొంచెం మారింది, అయినా అది ఈ ఇంట్లో చేసిన మంచి పనుల్లో ఒకటని నా నమ్మకం.

జూలై నుంచి సెప్టెంబరు: ఉప్పు లాగే పట్టు

గోడకు ముద్దలా పట్టించి, లోపలి ఉప్పును బయటికి లాగే పట్టు పనికి వర్షాకాలం అనుకూలం కాదు. గాలిలో తేమ ఎక్కువై పట్టు ఆరడానికి ఎక్కువ సమయం తీసుకుంటుంది. అయినా ఇప్పుడే చేయడానికి కారణం, ఆరడం నిదానమైతే గోడ లోతుల్లోని ఉప్పుకు కరిగి బయటికి రావడానికి వ్యవధి దొరకడం.

చైనా మట్టి, పాత వార్తాపత్రికలను నానబెట్టి రుబ్బిన గుజ్జు, బాగా కడిగిన ఇసుక కలిపి, రొట్టె పిండి కంటే కొంచెం మెత్తగా ముద్ద చేశాము. కలపడానికి నూతి నీరు వాడలేదు, అదే ఉప్పన. శుద్ధి చేసిన తాగునీరు వాడాము. గోడ మీద కొద్దిగా నీరు చిమ్మి, రెండు సెంటీమీటర్ల మందాన ఈ పట్టును ఎక్కడా గాలి బుడగ మిగలకుండా చేత్తో అదిమి పట్టించాము. పట్టులోని నీరు గోడలోకి వెళ్లి ఉప్పును కరిగిస్తుంది. పట్టు పైముఖం ఆరుతున్న కొద్దీ ఆ ఉప్పునీరు బయటికి, పట్టులోకి లాగబడి అక్కడే గడ్డకడుతుంది. పూర్తిగా ఆరి, అంచులు ముడుచుకుని గోడను వదిలేటప్పుడు ఊడదీసి పారేయాలి, మళ్లీ కొత్తది పెట్టాలి.

ఎప్పుడు ఆపాలన్నది కంటితో తెలియదు. ఊడదీసిన ప్రతి పట్టులోంచి 10 గ్రాములు తీసి, బ్యాటరీలకు పోసే డిస్టిల్డ్ వాటర్ 100 మిల్లీలీటర్లలో కలిపి, తేరిన నీటిలో, కరిగిన లవణాలను చూపే టీడీఎస్ మీటరు ముంచి చూశాను. తాగునీటి ప్లాంట్లలో వాడే చిన్న మీటరే అది. పోల్చడానికి, గోడకు తగలని కొత్త పట్టును కూడా అలాగే కొలిచి పక్కన రాసుకున్నాను. పడమటి గదిలో మొదటి పట్టుకు వచ్చిన అంకె తరువాతి పట్టులకు వేగంగా తగ్గుతూ వచ్చి, ఒక దశలో పెద్దగా మారడం మానింది. అక్కడ ఆపేశాను. సావిడి వైపు గోడ మాత్రం అంత తేలికగా వదలలేదు. అంకె తగ్గినట్టే తగ్గి, కొన్ని వారాల విరామం తరువాత పెట్టిన పట్టుకు మళ్లీ పెరిగింది. లోతుల్లో ఉన్న ఉప్పు నిదానంగా పైకి వస్తోందన్నమాట. ఆ గోడ అడుగున్నర మందంలో పేరుకున్నదాన్ని ఒక వానాకాలంలో లాగేయగలమని అనుకోకూడదు.

నవంబరు, డిసెంబరు: సున్నం

పిడుగురాళ్ల నుంచి కాల్చిన సున్నపు రాయి తెప్పించాము. గోతిలో రాళ్లు పరిచి నీళ్లు పోయగానే అవి పగులుతూ, బుసకొడుతూ, పొగలు కక్కుతూ నిమిషాల్లో మరగడం మొదలుపెడతాయి. ఈ దశలో కళ్లద్దాలు, చేతి తొడుగులు లేకుండా ఎవరినీ దగ్గరికి రానివ్వకూడదు, ఒక్క చుక్క కంట్లో పడితే చూపు పోగలదు. చల్లారిన సున్నాన్ని జల్లెడ పట్టి, పైన నాలుగంగుళాల నీరు నిలిచేట్టు తొట్టెలో మాగబెట్టాము. ఎంత మాగితే ముద్ద అంత వెన్నలా జిగురుగా తయారవుతుంది.

గార పాళ్ల మీద మేస్త్రి గారికీ నాకూ కొంత వాదన జరిగింది. ఆయన చిన్నప్పుడు నేర్చిన పనిలో సుర్కీ (ఇటుక పొడి), కరక్కాయ నీళ్లు, బెల్లం కలిపి గానుగలో ఆడించి, రాయిలా బిగిసే గార చేసేవారు. "గట్టిగా ఉండకపోతే జనం ఏవంటారండి? మేస్త్రికి పని రాదంటారు" అన్నారాయన. ఈ గోడ మొదట్లో నాకు కావలసింది గట్టితనం కాదని, ఇటుకకంటే మెత్తగా, రంధ్రాలతో ఉండి, మిగిలిన ఉప్పును తనలోకి లాక్కుని తానే పాడై ఇటుకను కాపాడే గార కావాలని చెప్పాను. చాలాసేపు ఆలోచించి, "అంటే, గోడ బదులు గార పోవాలంటారు. అలాగైతే ఇసుక గరుకుది తీసుకోవాలండి" అని తానే పాళ్లు చెప్పారు. నేల నుంచి మూడడుగుల వరకు సున్నం ఒక పాలు, కడిగిన గరుకు గోదావరి ఇసుక మూడు పాళ్లు, బెల్లం లేదు, సుర్కీ లేదు. ఆ పైన, ఉప్పు తగలని భాగానికి, ఆయన పద్ధతిలోనే సుర్కీ కలిపిన గార. ఇసుక విషయంలో నేను పట్టుపట్టినది ఒక్కటే. తీరం దగ్గర దొరికే ఇసుక ఎంత చవకైనా ఒక్క తట్ట కూడా రానివ్వకూడదు.

గోడ మీద నీళ్లు సన్నగా చిమ్మి, మొదటి పూత అర అంగుళం లోపు వేసి, చెక్కతో గరుకుగా వదిలి, అది బిగిసేదాకా ఆగి రెండో పూత వేశారు. సున్నపు గార ఎండకు ఎండటంతో గట్టిపడదు, గాలిలోని బొగ్గుపులుసు వాయువును పీల్చుకుని తిరిగి సున్నపురాయిగా మారుతూ గట్టిపడుతుంది. ఆ మార్పుకు కొద్దిపాటి తడి కావాలి. అందుకని తడి గోనె పట్టాలు వేలాడగట్టి, ఫ్యాన్లు ఆపించి, కిటికీలు ఓరగా తెరిచి ఉంచాము. అడుగున నేలకూ గారకూ మధ్య అంగుళం ఖాళీ వదిలి, గార నేల నుంచి నేరుగా నీరు పీల్చకుండా చూశాము. పైన పుట్టీ లేదు, ప్లాస్టిక్ పెయింటు లేదు, పలచటి సున్నం వెల్ల మాత్రమే. రంగు కావాలని ఇంట్లోవాళ్లు అడిగితే, సున్నంలో పచ్చ మన్ను కలిపి ముందు గదికి లేత పసుపు వేయించాము.

ఫిబ్రవరి: మళ్లీ దాళ్వా

కాలవలో నీరు నిరుడు ఇదే నెలలో ఉన్నంతే ఉంది, నూతిలో మట్టమూ ఇంచుమించు అంతే. పోలిక న్యాయంగా ఉండాలంటే ఇదే సమయం. పడమటి గదిలో జానెడు ఎత్తున గోడలో నీరు 16 శాతం నుంచి 10 శాతానికి తగ్గింది. నాలుగడుగుల దగ్గర 7 శాతం ఉన్నది 3కు దిగింది, ఉప్పు గాలినుంచి పట్టే పాలు కూడా దాదాపు అంతే దిగింది. తడి గీత నడుము ఎత్తు నుంచి మోకాలి కిందికి వచ్చింది. పాత పెన్సిలు గీతలు పూతలో పోతాయని ముందే వాటి ఎత్తులను తలుపు చట్రాల మీదికి మార్చుకున్నాను, కాబట్టి ఈ తేడా అంచనా కాదు, టేపుతో కొలిచినది. సిలేన్ క్రీము ఎక్కించిన వంటింటి గోడ రంధ్రాల వరుసకు పైన చక్కగా ఆరుతోంది.

కొత్త గార మీద మోకాలి ఎత్తున అక్కడక్కడ తెల్లటి నూగు కనిపిస్తోంది. ఇంట్లోవాళ్లు కంగారుపడ్డారు. అది రావలసినదే. లోపల ఇటుకలో గడ్డకట్టి దాన్ని పగలగొట్టవలసిన ఉప్పు, ఇప్పుడు గార పైకి వచ్చి కనిపిస్తోంది. పొడి కుంచెతో చేటలోకి దులిపి బయట పారేయాలి, తడిగుడ్డతో తుడిస్తే తిరిగి లోపలికి పోతుంది. కొన్నేళ్లకు ఈ మూడడుగుల గార తన పని చేసి పాడవుతుంది, అప్పుడు దాన్ని గీకి మళ్లీ సున్నం, ఇసుక వేసుకోవాలి. మాగబెట్టిన సున్నపు ముద్దను నీటి కింద ఒక డ్రమ్ములో అందుకే నిలవ చేశాను.

సావిడి వైపు గోడకు ఇంకా గార వేయలేదు. అక్కడ అంకెలు తగ్గాయి కానీ నేను నమ్మేంతగా తగ్గలేదు. ఆ గదిలో బియ్యం బస్తాలను గోడకు మూరెడు ఎడంగా, చెక్క బల్ల మీదికి మార్పించి, ఇటుకను అలాగే గాలికి వదిలేశాము. మేలో కాలవలు కట్టేసిన తరువాత మళ్లీ అవే ఎత్తుల్లో నమూనాలు తీసి, నైట్రేటు పట్టీతోనూ చూసి, ఇంకో విడత పట్టు పెట్టాలా, గారకు వెళ్లవచ్చా అన్నది తేల్చుకోవాలి. ఆ లోపు ఉత్తరపు కాలవలోని గొట్టం చివర బురద తీయించడం, వీధి వైపు రేకు తొట్టి అతుకు ఒకటి కారుతున్నది బిగించడం మిగిలి ఉన్నాయి.